సంతలో నీలవేణి జడ

నేను ఒక సవరాన్ని. మూడు పాయలు, రెండు మూరల పొడవు. నన్ను కట్టిన నూకాలు ఇంటింటికీ తిరిగి, దువ్వెనకు చిక్కిన వెంట్రుకలు తీసుకుని బదులుగా పిన్నీసులు ఇచ్చేది. అందుకే నాలో అన్ని వీధుల ఆడవాళ్లూ ఉన్నారు. ఒకరింట్లో ఒకరు మంచినీళ్లు తాగనివాళ్లు కూడా నాలో ఒకే పాయలో సర్దుకున్నారు. ఈ సంగతి వాళ్లకి నేనెప్పుడూ చెప్పలేదు.

అచ్చాయమ్మ నన్ను తన కూతురు నీలవేణి కోసం కొంది. నీలవేణి అంటే నల్లని జడ గలది. పాపం, తొమ్మిదో తరగతిలో పేనుకొరుకుడు వచ్చి ఆ పిల్ల తల మీద ఒక్క వెంట్రుకా మిగల్లేదు. అచ్చాయమ్మ పిల్ల తలకి చున్నీ చుట్టి, దాని అంచుకి నన్ను కుట్టి బడికి పంపేది. వెనక నుంచి చూస్తే నిండు జడే. "గాలొస్తే పరిగెత్తకే" అని గుమ్మం దాకా వచ్చి చెప్పేది. నా మీద ఆవిడకున్న నమ్మకం అంతే!

నీలవేణి హైదరాబాదులో చదివి ఆర్టిస్టు అయింది. బొమ్మలు గీయదు. జనం మధ్య కూర్చుని, "ఇదే నా ఒళ్లు, ఇదే నేను" అంటుంది. చూడవచ్చినవాళ్లు ఏం చేస్తే అదే కళ. పోయిన నెల సొంత ఊరి సంతలో చేస్తానంది.

"అక్కడ ఎలాగైనా తిరుగు. ఇక్కడ బోడితలతో కూర్చుంటే నేను మళ్లీ సంతకి ఏ మొహం పెట్టుకుని వెళ్లనే?" అంది అచ్చాయమ్మ.

"నువ్వొచ్చి నా పక్కన నిలబడితే చాలమ్మా."

"నేను రాను."

ఆదివారం సంతలో స్టూలు మీద నీలవేణి కూర్చుంది. నున్నటి తల ఎండకి మెరుస్తోంది. ఒళ్లో నేను. మెడలో అట్టముక్క మీద "నాకు జడ వేయండి" అని రాసుంది.

జనం మూగారు.

"ఎక్కడెయ్యాలమ్మాయ్?" అని ఒక మామ్మ నవ్వింది.

"నీ ఇష్టం మామ్మా."

మామ్మ కాసేపు ఆలోచించి నన్ను ఆ పిల్ల భుజానికి కట్టింది. చేపలమ్మే ఆవిడ విప్పి నడుముకి చుట్టి, "వడ్డాణం!" అంది. ఒకాయన నన్ను తన ముక్కు కింద పెట్టుకుని మీసం మెలేస్తే సంతంతా గొల్లుమంది. పుట్టాక నేనంత సంబరపడింది ఆ రోజే. నీలవేణీ నవ్వుతోంది గానీ, కళ్లు మాత్రం దారి మీదే ఉన్నాయి.

అచ్చాయమ్మ వచ్చింది. అందరూ తప్పుకున్నారు. కూతురి తల మీద అరచెయ్యి పెట్టి చూసి, "లే" అంది. నీలవేణి మొహం వాడిపోయింది. ఇంటికి పదమంటుందని నేనూ అనుకున్నాను.

అచ్చాయమ్మ ఆ స్టూలు మీద తనే కూర్చుని కొప్పు విప్పింది.

"నాదీ పల్చబడిందిలే. నాకు వెయ్యి."

నీలవేణి నన్ను అమ్మ జుట్టులో కలిపి అల్లింది. జడ వంకరగా వచ్చింది. ఎవరూ సరిచెయ్యలేదు.

ఇప్పుడు నేను అచ్చాయమ్మ దగ్గరే ఉంటున్నాను. మొన్న బస్సులో వెనక సీటామె, "ఎంత జడ వదినా నీది!" అని ముచ్చటపడింది. నేను సవరాన్నని ఇన్నేళ్లూ ఎవరికీ తెలియనివ్వని మనిషి బస్సంతా వినేలా చెప్పింది:

"నాది కాదమ్మా, సవరం. మా అమ్మాయికి బోడితలే బాగుంటుంది. అందుకని నేను పెట్టుకున్నా."