దేన్ని క్షమించాలి?

స్టామెన్ పోయి నలభై ఏళ్ళు దాటింది. అయినా పోయినవాళ్ళను తలుచుకునే పెద్దల శనివారం వచ్చిందంటే చాలు, ఆయన చిన్నకూతురు దోన్క గోధుమలు ఉడికించి, పంచదారా అక్రోటు పలుకులూ కలిపి, సమాధి దగ్గర నలుగురికీ పంచుతుంది. తీసుకున్న ప్రతివారూ "దేవుడు క్షమించుగాక" అనాలి. అది మా బాల్కన్ పల్లెల మర్యాద. చూడముచ్చటగానే ఉంటుంది. క్షమించవలసిన తప్పేమిటో మాత్రం ఎవరూ అడగరు.

ఈసారి పెద్దకూతురు వెలిక కూడా వచ్చింది. పడుచుతనంలోనే ఇల్లు విడిచి ప్లోవ్‌దివ్ పట్నం వెళ్ళిపోయిన మనిషి, భర్త పోయాక, డెబ్బై దాటిన వయసులో తిరిగొచ్చింది. "ఇద్దరం ముసలాళ్ళమయ్యాం, కలిసుందాం రావే అక్కా" అని చెల్లెలు పిలిచింది మరి. చిన్నప్పుడు తండ్రి తాగొచ్చి కొట్టిన దెబ్బకు వెలికకు ఎడమ చెవి పోయింది. మంచం కింద నక్కి చెల్లెలు అదంతా చూసింది. ఆ బాధ తెలిసిన మనిషి ఒకతైనా ఆ ఇంట్లో ఉందన్న ఆశే వెలికను అంతదూరం లాక్కొచ్చింది.

పొరుగింటి గేన గోధుమలు నములుతూ, "నీ చెవి ఇంకా అలాగే ఉందా వెలికా? చెర్రీ చెట్టెక్కి పడ్డావటగా. కోతివే నువ్వు," అని నవ్వింది.

"చెట్టేమిటి గేనా, మా నాన్న కొట్టాడు. దోన్కా, నువ్వే చెప్పు."

దోన్క గిన్నెలోకి చూస్తూ, "అక్కకు వయసు మీద పడింది. మా నాన్న మా మీద చెయ్యెత్తి ఎరగడు," అంది.

వెలిక చెల్లెల్ని పక్కకు లాగింది. "నిజంగా మర్చిపోయావటే?"

"మర్చిపోవడమా, ఇప్పటికీ కలలోకొస్తుంది. చెట్టు కథ ఊరికి చెప్పిందీ నేనే. నీకేం, నీ దారిన నువ్వు పోయావు. ఇంటి గుట్టు బయటపడితే ఊళ్ళో నా కొడుకులు తలెత్తుకు తిరగొద్దూ? ఇంద, తీసుకుని ఆ మాట అనెయ్. అందరూ చూస్తున్నారు."

తండ్రి ఒక్క చెవే పోగొట్టాడు. తోడబుట్టింది తనను నలుగురిలో అబద్ధాలకోరును చేసింది. వెలిక గిన్నె అందుకోలేదు.

"దేన్ని క్షమించమంటావే? ఆయన ఏ తప్పూ చెయ్యలేదని ఇప్పుడేగా అన్నావు," అంది, అందరికీ వినపడేలా. గేన నమలడం ఆపింది. వెలిక చేతిసంచి తీసుకుని, ఆ ఇంటివైపు కూడా చూడకుండా బస్సు రోడ్డు పట్టింది.

అమ్మలారా, అయ్యలారా, పరువు కోసమని మనం దాచే దెబ్బలు, అవి తగిలినవాళ్ళను బతికినన్నాళ్ళూ కొడుతూనే ఉంటాయి. దెబ్బతిన్న బిడ్డకు అన్నిటికంటే ముందు కావలసింది, "అవును, నేను చూశాను" అని నలుగురి ముందూ చెప్పే ఒక్క మనిషి.