నాలుగు వేళ్ళ దూరం

గొలుసుకి పోయిన వారం బురద ఇంకా అంటుకునే ఉంది. మైదానం పక్కన సామాన్ల కొట్టు గుమ్మంలో కూచుని ఆర్లెన్ గోనెగుడ్డతో ఒక్కో లంకె తుడుస్తున్నాడు. అరవై దాటిన మనిషి, ఎండుకట్టె ఒళ్ళు, మాట పొదుపు. వారమంతా ధాన్యం గిడ్డంగిలో మొక్కజొన్న దుమ్ము మింగడం, శనివారం కాలేజీ కుర్రాళ్ళ అమెరికన్ ఫుట్‌బాల్ ఆటలో గీత పక్కన కోల పట్టుకు నిలబడడం. అంతే అతని బతుకు.

రెండు కోలలు, మధ్య పది గజాల గొలుసు. నాలుగు ప్రయత్నాల్లో బంతి ఆ పది గజాలూ సాగాలి, లేకపోతే అవతలివాళ్ళకి పోతుంది. అనుమానం వస్తే గొలుసు మైదానంలోకి వెళ్ళి తీర్పు చెబుతుంది. వెనక కోల ఆర్లెన్‌ది, ముందు కోల మెర్ల్‌ది. పెళ్ళిళ్ళు కాకముందు నుంచీ అంతే. పది గజాల ఎడంలో నిలబడ్డవాళ్ళు ఏం కబుర్లాడుకుంటారు గనక? అయినా ఆర్లెన్‌కి లోకంలో స్నేహితుడంటే మెర్లే. ఆ మెర్ల్ కాలేయం పాడై ఇంట్లో మంచాన ఉన్నాడు. డాక్టర్లు చేతులెత్తేశారు.

పొద్దున చూడ్డానికి వెళ్తే, మెర్ల్ భార్య వెర్నా అతని నారింజరంగు కోటు ఇస్త్రీ చేస్తోంది. గొలుసువాళ్ళు వేసుకునే చేతుల్లేని కోటు.

"ఏరా, ఆటకి వస్తావా ఏంటి?" అన్నాడు ఆర్లెన్.

"ఏమో, నువ్వు చేతగాక కబురు పెడితే?" మెర్ల్ నవ్వబోయి దగ్గాడు. "ఈ ఏడు ఒక్క ఆటా గెలవలేదు సన్నాసులు. కుంటి గాడిదైనా ఏడాదికోసారి పరిగెడుతుంది కదరా! ఇవాళ ఆఖరిది. గెలిచామని నువ్వొచ్చి చెప్పు, హాయిగా పోతాను. ముందు కోల నువ్వే పట్టు. ఆ డ్వేన్ గాడికి ఇవ్వకు."

"సరే" అన్నాడు ఆర్లెన్. ఏడుపు రావాలేమో అనుకున్నాడు. రాలేదు.

గొలుసువాళ్ళు నిలబడేది అవతలి జట్టు వైపు. కేకలు వెయ్యకూడదు, చప్పట్లు కొట్టకూడదు. సొంత ఊరి కుర్రాళ్ళు గెలిచినా ఓడినా మొహం గోడలా ఉండాలి. "మనం చూసేవాళ్ళం కాదురా, కొలిచేవాళ్ళం" అనేవాడు మెర్ల్. ఆ మొహం ఆర్లెన్‌కి ఎంత అలవాటయిందంటే, భార్య పోయిన రోజున కూడా అదే మొహం ఉండిపోయింది.

సన్నటి మంచువాన. మెట్ల అరుగుల మీద జనం పలచగా, ఒళ్ళో వేడి చిల్లీ మాంసం కూర గిన్నె, పక్కన దాల్చినచెక్క రొట్టె. వింతల్లో వింత, నాలుగు పావుల ఆటలో మూడో పావులో మనవాళ్ళే ముందున్నారు. ఆర్లెన్ పెదవి కదపలేదు కానీ, చేతి తొడుగులో వేళ్ళు వెచ్చబడ్డాయి. నాలుగో పావులో అంతా మామూలే. అవతలివాళ్ళు దాటేశారు. ఆట ముగియబోతుండగా బంతి మనవాళ్ళ చేతిలో ఉంది, గమ్యం ఎదురుగా ఉంది. నాలుగో ప్రయత్నంలో ఒక కుర్రాడు గుంపులోకి దూకి బురదలో బంతి మీద పడ్డాడు. రిఫరీ చెయ్యి ఊపాడు. గొలుసు తెమ్మని.

ఇవాళ వెనక కోల స్కూలు బస్సు నడిపే డ్వేన్‌ది. పరిగెడుతూ గొణిగాడు. "కాస్త వదులుగా ఉంచరా బాబూ. గడ్డిలో ఎవడికి కనిపిస్తుంది? మెర్ల్ కోసంరా!"

ఆర్లెన్‌కి తెలుసు. గొలుసు కాస్త కుంగితే చాలు, కోల వెనక్కి వస్తుంది, బంతి ముక్కు దాన్ని ముట్టుకుంటుంది. మరో నాలుగు ప్రయత్నాలు వస్తాయి, మెర్ల్‌కి గెలుపు దక్కొచ్చు. బురదలో మోకాళ్ళ మీద ఉన్న కుర్రాళ్ళందరూ అతని చేతులవంకే చూస్తున్నారు.

బిగించి లాగాడు. గొలుసు టంగుమంది. బంతికీ కోలకీ మధ్య నాలుగు వేళ్ళ దూరం.

అవతలివాళ్ళు అతని వీపు వెనకే గంతులేశారు. ఆర్లెన్ గొలుసు చుట్టి, తుడిచి, కొట్టుకి తాళం వేసి, మెర్ల్ ఇంటికి నడిచాడు. ఏం చెప్పాలో దారంతా వెతికాడు.

వంటింట్లో వెర్నా ఒక్కతే బల్ల ముందు కూచుని ఉంది.

"పోయాడు, ఆర్లెన్. మూడో పావులో. మనవాళ్ళు ముందున్నారని రేడియోలో అరుస్తున్నారు. 'చూశావుటే' అన్నాడు నాతో. అంతే. నేను రేడియో కట్టేశాను." కుర్చీ అతని వైపు జరిపి అడిగింది. "చివరికి ఏమైంది?"

"ఓడిపోయాం. నాలుగు వేళ్ళు తక్కువైంది."

"ముందు కోల ఎవరు పట్టారు?"

"నేనే."

"బిగించావా?"

"బిగించాను."

వెర్నా తల ఊపింది. "బతికుంటే తనూ అదొక్కటే అడిగేవాడు" అంది.

అప్పుడు ఆర్లెన్ మొహం వణికింది. ఆపుకోవడం చేతకాక మెర్ల్ గది గుమ్మం దాకా వెళ్ళి నిలబడ్డాడు. మంచం పక్క కుర్చీకి నారింజరంగు కోటు వేలాడుతోంది, పొద్దుటి ఇస్త్రీ మడత చెదరకుండా.