వణుకు ఆగిన శవం

గ్రాంట్ వీలర్, దుప్పట్లు తీసుకెళ్లి కెమెరా బ్యాటరీలకు కప్పించింది నువ్వు. జోలీన్‌ని వట్టి మంచులో పడుకోబెట్టింది నువ్వు. ఇప్పుడేమో "ఇలా అవుతుందని ఎవరూ అనుకోలేదు" అని చెప్పుకు తిరుగుతున్నావు. అనుకోవడానికి ఏముంది? సుపీరియర్ సరస్సు ఒడ్డున, ఫిబ్రవరి నెలలో, పలచటి నైట్‌గౌనుతో మనిషిని పడుకోబెడితే ఏమవుతుందో మా ఊళ్లో బడిపిల్లల్ని అడిగినా చెబుతారు.

నేనూ తప్పించుకోను. ఆ పిల్ల పెదవులకు నీలం రంగు పూసింది నేనే. నా పేరు వెర్నా కోస్కెలా. ఈ ఊళ్లో ఇరవై ఆరేళ్లుగా జుట్టు కత్తిరిస్తున్నాను. నీ సినిమాకు మేకప్ చేసే మనిషి కావాలంటే వచ్చాను. జరిగింది జరిగినట్టు రాస్తున్నాను. నువ్వూ చదువు, నీ దగ్గర పనిచేసే పదకొండుమందీ చదవాలి.

కథ పెద్దదేం కాదు. క్రిస్మస్ సెలవులకని అయిదుగురు కుర్రకారు అడవిలో ఒంటరి చెక్క ఇంటికి వస్తారు. శాంటా వేషం కట్టినవాడు గొడ్డలితో ఒక్కొక్కరినీ నరుకుతాడు. మొదట చచ్చేది జోలీన్. మాంసం కూరి కాల్చే పాస్టీల దుకాణంలో పొయ్యి దగ్గర నిలబడే పిల్ల, నా స్నేహితురాలి కూతురు. మా ఊరి నుంచి సినిమాలో కనబడే మొదటి మనిషిని నేనే అని వారం రోజులు కనబడ్డవాళ్లందరికీ చెప్పుకుంది.

ఆ మధ్యాహ్నం షాట్ ఇది. కిటికీ లోపల మిగతా నలుగురు క్రిస్మస్ చెట్టు చుట్టూ చేరి నవ్వుతుంటారు. కిటికీ అవతల మంచులో జోలీన్ శవం పడి ఉంటుంది. వాళ్లు చూడరు, మనం చూస్తాం. లోపల ఎవరు మాట తప్పినా మళ్లీ మొదటినుంచి. శవం మాత్రం లేవకూడదు. లేస్తే చుట్టూ ఉన్న మంచు చెదురుతుంది, అడుగులు పడని మంచు మళ్లీ దొరకదు. అందుకని ఆ పిల్లని లేవనివ్వలేదు నువ్వు.

మొదటి టేక్‌కే కేకేశావు.

"కట్! శవం వణుకుతుందేంటమ్మా?"

"చలేస్తోందండీ గ్రాంట్, వణక్కుండా ఎలా ఉండను?"

"చచ్చినవాళ్లకి చలెయ్యదు."

అందరం నవ్వాం. నేను కూడా.

కెమెరాకు కనబడని వైపు నుంచి మంచు మీద చెక్క పలక వేసుకుని, దాని మీద పాక్కుంటూ వెళ్లి రంగు సరిచేశాను. జోలీన్ కళ్లు తెరవకుండానే అంది, "ఆంటీ, నా ముక్కు ఉందా, ఊడిపోయిందా?"

"ఉందిలే. మీ అమ్మ ముక్కే కదా, అంత తేలిగ్గా ఎక్కడ ఊడుతుంది!"

కాసేపు కోటయినా కప్పనివ్వమని అడిగాను నిన్ను. "మంచు చెదురుతుంది వెర్నా. ఇంకొక్కటే" అన్నావు. ఆ 'ఇంకొక్కటే' మూడుసార్లు విన్నాను. మూడోసారికి నోరు మూసుకున్నాను. అది నా పాపం.

అయిదో టేక్‌లో జోలీన్ వణకలేదు.

"అదీ! ఇప్పుడు నేర్చుకుంది చావడం!" అని ఎగిరి గంతేశావు. మనవాళ్లకో అలవాటుంది కదా, ఎవరి పాత్ర పని అయిపోతే వాళ్లకు అందరూ నిలబడి చప్పట్లు కొట్టడం. "జోలీన్ హేకిలా పని పూర్తి!" అన్నావు. చప్పట్లు మోగాయి. లోపలి నలుగురూ కిటికీ అద్దం మీద దరువేశారు. జోలీన్ లేవలేదు.

"చూడండ్రా, ఇంకా పాత్రలోనే ఉంది!" అన్నారెవరో. ఇంకా గట్టిగా చప్పట్లు.

రంగు తుడుద్దామని నేను వెళ్లాను. ఈసారి పలక వేసుకోలేదు. పెదవులు తుడిస్తే గుడ్డకు నీలం అంటింది. మళ్లీ తుడిచాను. గుడ్డ తెల్లగానే ఉంది, పెదవులు నీలంగానే ఉన్నాయి. అప్పుడు తెలిసింది నాకు, గంటన్నరగా నేను ఏ రంగును ఏ రంగుతో కప్పుతున్నానో.

"జోలీన్, లేవవే!" అని అరిచాను. గొణిగింది, మాట కలవలేదు. "సాయం పట్టండి!" అని గొంతు చించుకున్నాను. ఒక్కడూ కదల్లేదు. పొద్దుట్నించీ కేకలు వినీ వినీ అందరి చెవులూ మొద్దుబారాయి. మన సినిమాలో అరవడమే పని మరి.

నేరుగా కెమెరా దగ్గరికి నడిచాను. బ్యాటరీల పెట్టె మీద ఉన్న ఉన్ని దుప్పట్లు రెండూ లాగాను.

"వెర్నా! చలికి బ్యాటరీలు చస్తాయి!" అన్నావు. గుర్తుందా? ఆ మాట నీదే.

"చావనీ" అన్నాను.

ఆ మాటతో కదిలారు అందరూ. దారి మీద మంచు తోసే బండి నడిపే అర్వో పరిగెత్తుకొచ్చాడు. డెబ్బై ఏళ్ల మనిషి, ఆ పిల్లని చంటిదాన్ని ఎత్తినట్టు ఎత్తాడు.

"వెనకాల సానా, ఆవిరి స్నానాల గది, వేడిగా ఉంది, అందులో కూర్చోబెట్టండి!" అన్నావు.

"నోర్ముయ్ బాబూ" అన్నాడు అర్వో. "పుట్టిన్నుంచీ సానాలో కూర్చుంటున్నా. ఇంతగా గడ్డకట్టిన మనిషిని ఒక్కసారి వేడిలో పెడితే గుండె ఆగుతుంది. తడి గుడ్డలు విప్పు వెర్నా. కాళ్లూ చేతులూ రుద్దకు. నీ ఒంటికి హత్తుకో."

బండిలో దుప్పట్ల కింద ఆ పిల్లని నా రొమ్ముకు హత్తుకుని కూర్చున్నాను. అర్వో మంచు తోసుకుంటూ నడిపాడు. ఆసుపత్రికి యాభై నిమిషాలు. ఎప్పుడో సగం దారిలో జోలీన్ మళ్లీ వణకడం మొదలుపెట్టింది. ఒంట్లో మళ్లీ వేడి పుడుతోందని తెలిసి, వణుకు చూసి ఏడ్చింది నా జన్మలో అదొక్కసారే.

బతికింది. ఎడమ కాలి వేళ్లు రెండు నల్లబడ్డాయి. ఉంటాయో తీసేస్తారో డాక్టరు ఇంకా చెప్పలేదు. మర్నాడు నన్ను మొదట అడిగిన మాట, "టేక్ బాగా వచ్చిందా ఆంటీ?"

"పిలవొచ్చు కదే, చెయ్యి ఎత్తొచ్చు కదే" అన్నాను.

"శవం చెయ్యెత్తదు కదా ఆంటీ. అందరి పనీ చెడగొడతానని..."

విన్నావా గ్రాంట్? నీ మంచు చెదురుతుందని ఆ పిల్ల చావుకు సిద్ధపడింది.

నిన్న కబురు పంపావట. కిటికీ అద్దంలో కెమెరా నీడ పడిందట, సోమవారం మళ్లీ అదే షాట్, జోలీన్ లాంటి జుట్టున్న పిల్ల కావాలట. వెతుకుతున్నావు కూడానట.

సోమవారం ఆ మంచులో మనిషి పడుకోదు. బొమ్మను చేయించు, దానికి గౌను తొడుగు, వంద టేకులు తీసుకో. ఇకమీదట చలిలో ఎవరు నటించినా ఆ మనిషినే కనిపెట్టుకుని ఒకరుండాలి, ఆ ఒక్కరికీ ఇంకో పని ఉండకూడదు. ఆ కనిపెట్టుకునేవాళ్లు ఆపమంటే నువ్వు ఆపాలి. ఆ మనిషిని నువ్వు కాదు, మేం ఎన్నుకుంటాం. పదకొండుమందిలో ఏడుగురు నాతో ఉన్నారు. మిగతా నలుగురూ ఈ పూటే తేల్చుకోండి. ఇది కాగితం మీద రాసి, సంతకం పెట్టి, ఆదివారం చర్చి విడిచేలోపు పాస్టీల దుకాణం తలుపుకు అంటించు గ్రాంట్. అంటించేదాకా నీ షూటింగు ఇంటికి అర్వో మంచు తోసి దారి తియ్యడు.