రెండో చంద్రుడు

ఆ ఏడు 'ఉల్క' పత్రికలు పోయినవి పోయినట్టే తిరిగి వస్తున్నాయి. రేపరు మీద పోస్టుమన్ పెన్సిల్‌తో రాసేవాడు: భీవండి పోయిండు. సూరత్ పోయిండు. దుబాయి పోయిండు. గోవర్ధన్ ఆ కాపీలను కార్ఖానాలో కండెల బుట్ట వెనక దాచి, కొత్త చిరునామా తెలిసినప్పుడు మళ్లీ పంపేవాడు.

సిరిసిల్లలో అతను ఇంకొకరి సాంచాలు, అంటే మరమగ్గాలు, నడిపే కార్మికుడు. గ్రహాల కథలు, రాకెట్ల కథలు ఇష్టపడేవాళ్లను జిల్లా అంతా వెతికి పట్టుకుని ఈ పత్రిక మొదలుపెట్టాడు. రాసేది వాళ్లే, చదివేది వాళ్లే. స్టెన్సిల్ కోసేది, జగిత్యాల తీసుకుపోయి సైక్లోస్టైల్ చేయించేది, కథలు దిద్దేది గోవర్ధన్. దిద్దడంలో అతనికి మొహమాటం లేదు. గ్రహం పేరు పెట్టి మన ఊరి సంగతే రాస్తే ఒప్పుకునేవాడు కాదు.

కోరుట్ల రంజిత్ మొదటి సంచిక నుంచి రాస్తున్నాడు. తండ్రి తాటిచెట్లెక్కి కల్లు గీసేవాడు. రంజిత్ చెట్టు ఎక్కలేదు. తోట పని అని ఏజెంటు చెబితే దుబాయి పోయాడు. కోరుట్లలో ఏ ఎడారి దేశం పోయినా దుబాయి అనే అంటారు. అక్కడి నుంచి ఉత్తరాల బదులు క్యాసెట్లు వచ్చేవి. మాటలు నింపి, సెలవు మీద వచ్చేవాళ్ల చేతికిస్తారు. ఇంట్లోవాళ్లు విని, వాటి మీదే తమ మాటలు ఎక్కించి, తిరిగి పోయేవాళ్ల చేతికిస్తారు. అక్కడ రంజిత్‌కు టేపురికార్డరు ఇచ్చేది, క్యాసెట్టు అందించేది నర్సింగం. అతనూ కోరుట్లవాడే. నీళ్ల ట్యాంకరు డ్రైవరు.

క్యాసెట్టులో మొదటి పక్క ఇంటికి, రెండో పక్క 'ఉల్క'కు. మొదటి పక్కను భార్య సరిత, తల్లి కలిసి వినేవాళ్లు. మంచిగున్న, రంది పడకుండ్రి అనే మాటలే అందులో ఉండేవి. రెండో పక్కవి కథలు కదా అని వాళ్లు వినేవాళ్లు కాదు. సరిత క్యాసెట్టును బస్సు కండక్టరు చేతికిచ్చి సిరిసిల్ల పంపేది. గోవర్ధన్ జవాబు ఎక్కించి అట్లాగే వెనక్కి పంపేవాడు.

చివరి క్యాసెట్టులో కథ ఇది. ఒక గ్రహం మీద ఒక్కడే మనిషి. జంతువుల మందను కాస్తాడు. అతని గాలిచీటీ యజమాని పెట్టెలో ఉంది, అది లేకుండా గ్రహం దాటలేడు. వారానికోసారి నీళ్ల రాకెట్టు వస్తుంది. మనిషిని ఎక్కించుకుంటే దాన్ని నడిపేవాడి పని పోతుంది. రాత్రిపూట దక్షిణాన ఒక ఎర్ర దీపం కనబడుతుంది. కథ అక్కడ ఆగింది. రంజిత్ గొంతు సవరించుకున్నాడు.

"అన్నా, వీడు ఉండాల్నా, పోవాల్నా? నువ్వు చెప్పినట్టే చేస్త."

గోవర్ధన్ కథను కాగితం మీద రాసుకుని, టేపులో ఆ కథ మీదనే జవాబు ఎక్కించాడు. నీ గ్రహం మరీ మన భూమి లెక్క ఉంది, రెండో చంద్రుణ్ని పెట్టు అన్నాడు. ముగింపు గురించి ఇట్లా అన్నాడు: "వాడు కూసుంటే కథ కూసుంటది తమ్మీ. నడిపియ్. రాకెట్ దారిన గాదు, దొరికిపోతడు. ఎర్ర దీపం దిక్కు సీదా నడిపియ్."

తర్వాత కథను రెండు భాగాలు చేసి, రెండో చంద్రుణ్ని తానే చేర్చి, మొదటి భాగం అచ్చు వేశాడు. మెచ్చుకుంటూ ఉత్తరాలు వచ్చాయి. భీవండి నుంచి ఒకాయన మాత్రం తప్పు పట్టాడు. అట్లా ఒంటరిగా ఎవడూ ఉండడు, నమ్మేటట్టు లేదు అని రాశాడు.

కొద్దిరోజులకు సరిత కార్ఖానాకు వచ్చింది. సాంచాల చప్పుడులో మాట వినబడక గోవర్ధన్ ఆమెను బయటికి తీసుకొచ్చాడు. నర్సింగం ఫోన్ చేశాడట. నిన్న నీళ్లు పోయడానికి పోతే రంజిత్ లేడు, గొర్రెలు ఉన్నాయి. తొట్టిలో నీళ్లు ఇంకా అయిపోలేదు కాబట్టి పోయి ఎన్నో రోజులు కాలేదన్నాడట.

"ఏం గొర్రెలు? తోట పని గదా," అన్నాడు గోవర్ధన్.

"మేం గూడ గట్లనే అనుకున్నం. పోయినకాన్నుంచి గొర్రెలకాడనే ఉన్నడట, ఒక్కడే. పాస్‌పోర్టు యజమాని కాడ ఉన్నదట. నర్సింగం గిప్పుడు చెప్పవట్టె." కొంగుతో మొహం తుడుచుకుంది. "నీ పక్క ఏమన్న చెప్పిండా అన్నా?"

"కథ చెప్పిండు."

"ఏం కథ?"

గోవర్ధన్ చెప్పడం మొదలుపెట్టాడు. మంద గురించి చెప్పాడు, గాలిచీటీ గురించి చెప్పాడు. నీళ్ల రాకెట్టు దగ్గరికి వచ్చేసరికి నర్సింగం ట్యాంకరు తట్టి ఆగిపోయాడు.

"గది కథనా?" అంది సరిత. "మా అత్త ఇంటదని మాకు చెప్పలే. నువ్వు సమజ్ చేసుకుంటవని నీకు చెప్పిండు."

ఆ క్యాసెట్టు వినిపించమంది. అది రంజిత్‌కే పోయిందని, ఆ పక్క ఇప్పుడు తన గొంతే ఉందని గోవర్ధన్ చెప్పాడు. ఆ గొంతు ఏమందో చెప్పలేదు.

నర్సింగం సాయంత్రం కోరుట్ల ఎస్టీడీ బూతుకు మళ్లీ ఫోన్ చేస్తానన్నాడట. ఇద్దరూ వేములవాడ మీదుగా పోయే బస్సెక్కారు. సరిత సంచి వేసి అతనికి సీటు ఆపింది. కూసో అన్నా అంది. దారి పొడుగునా తనకు తానే ధైర్యం చెప్పుకుంది. ట్యాంకరు దారి పట్టుకునే పోయి ఉంటాడు, దారిన పోయే బండివాడు ఎవడో ఎక్కించుకుని ఉంటాడు, ఆయన తెలివిగలోడు, దారి విడవడు. గోవర్ధన్ కిటికీలోంచి బయటికి చూస్తూ విన్నాడు. ఫలానా దిక్కు వెతకమని నర్సింగానికి చెబితే చాలు, ఎందుకో చెప్పనక్కరలేదు అనుకున్నాడు.

బూతులో ఫోన్ మోగగానే సరిత తీసింది. విని, అతనికిచ్చి, బల్ల మీద కూలబడింది. ట్యాంకరు దారి పొడుగునా వెతికారట. ఎవరూ చూడలేదట. రేపటి నుంచి వెతికేవాళ్లు ఉండరట.

"దారి పొంటి చూడకు నర్సింగం," అన్నాడు గోవర్ధన్. "ఎర్ర లైటు దిక్కు చూడు. సీదా."

అది లైటు కాదు, చమురు బావి మంట అన్నాడు నర్సింగం. కండ్లకు దగ్గరే ఉంటుంది, నడిస్తే అందదు. ఎరిగినవాడు ఎవడూ అటు పోడు. ట్యాంకరు అటు తిప్పితే తన పని పోతుంది.

"ఊకెనే అంటున్నవా, ఎరికతోని అంటున్నవా? నీకెట్ల ఎరుక?"

సరిత తలెత్తి చూస్తోంది. 'అనుకుంటున్న' అంటే నర్సింగం బండి తిప్పడు.

"నేనే చెప్పిన," అన్నాడు గోవర్ధన్. "దారిన పోతే దొరుకుతరు, లైటు దిక్కు నడువుమని క్యాసెట్ల నేనే చెప్పిన. నువ్వే తీస్కపోయి ఇచ్చినవ్."

"నేనా," అన్నాడు నర్సింగం. బండిలో నీళ్లు ఉన్నాయి, పోయి వచ్చి ఫోన్ చేస్తా అని పెట్టేశాడు.

బూతువాడు బిల్లు చింపి, ఎవరికివ్వాలో తెలియక బల్ల మీద పెట్టాడు.

"తరువాతది గూడ రాసినవా?" అంది సరిత.

"రాసిన. స్టెన్సిల్ గూడ కోసిన."

"చేరిండా?"

"చేరిండు. దీపం కింద ఇల్లున్నది. తలుపు తీసి నీళ్లిచ్చిన్రు."

"గా ఇల్లు నువ్వు చూసినవా?"

బల్ల మీద ఇంకొకరికి చోటుంది. సరిత కూసొమ్మనలేదు. గోవర్ధన్ ఫోను పక్కనే నిలబడ్డాడు.