హద్దు లోపు

ఆవిడకి బ్లాంకమ్మ అని పేరు పెట్టినవాళ్ళు పెట్టి ఊరుకున్నారు గానీ, ఆ పేరు వెనక పద్దెనిమిదేళ్ళ చాకిరీ ఉంది.

నీళ్ళు పరీక్ష చేసే లాబ్‌లో పొద్దున్నే మిషన్ వేడెక్కగానే ఆవిడ మొదట పెట్టేది కుళాయి నీళ్ళూ కాదు, బోరు నీళ్ళూ కాదు. ఏమీ కలవని శుద్ధమైన నీళ్ళు. వాళ్ళ భాషలో దాన్ని బ్లాంకు అంటారు. ఏమీ లేనప్పుడు మిషన్ ఏమంటుందో ముందు వినాలి, ఆ తర్వాతే ఏదైనా ఉన్నప్పుడు అది చెప్పేది నమ్మాలి అన్నది ఆవిడ పట్టుదల. ఎవరైనా తొందరపడి బ్లాంకు పెట్టకుండా పని మొదలెడితే, వాళ్ళకి ఆ పూట టీ కూడా సయించనిచ్చేది కాదు.

"ఏమీ లేని నీళ్ళల్లో ఏమీ లేదని తేల్చడానికి నెలనెలా జీతం ఇస్తున్నారంటే, మీ ఆఫీసువాళ్ళు ధర్మాత్ములే" అనేవాడు మొగుడు.

"అవును మరి, ఇంట్లో అదే పని ఊరికే చేస్తున్నాను" అనేది ఆవిడ, అతని తలకాయ వంక చూస్తూ.

ఆ లాబ్‌లో అందరూ రోజూ వాడే మాట, ఎవరూ ఎప్పుడూ ఆలోచించని మాట ఒకటుంది. గుర్తింపు హద్దు. చెవికి గంభీరంగా ఉంటుంది గానీ, సంగతి చిన్నదే. బ్లాంకుని పదిసార్లు పెట్టండి. ఏమీ లేకపోయినా మిషన్‌లో అంకె సున్నా దగ్గర కుదురుగా కూర్చోదు, కాస్త అటూ ఇటూ ఊగుతుంది. ఆ ఊగుడెంతో లెక్కగట్టి దానికి మూడింతలు తీసుకుంటే అదే హద్దు. అంతకన్నా తక్కువ సీసం నీళ్ళల్లో ఉంటే అది సీసమో, మిషన్ వణుకో మిషన్‌కే తెలీదు. అప్పుడు రిపోర్టులో "హద్దు లోపు" అని రాస్తారు. లేదు అని కాదు. నాకు కనబడలేదు అని. చత్వారం వచ్చినవాడు సూదిలోకి దారం ఎక్కిస్తూ "బెజ్జం కనబడలేదు" అంటే, సూదికి బెజ్జమే లేదని ఎవరూ అనుకోరు కదా.

మిషన్ కొత్తగా వచ్చిన రోజున బ్లాంకమ్మే కూర్చుని ఆ పని చేసింది. సీసానికి హద్దు ఐదు అని తేలింది. పది దాటితే ఆ నీళ్ళు తాగకూడదు కాబట్టి ఐదు మంచి హద్దే. అందరూ చప్పట్లు కొట్టారు. అచ్చాఫీసుకి కబురెళ్ళింది. "సీసం, గుర్తింపు హద్దు: 5" అని అచ్చేసిన ఫారాలు కట్టలు కట్టలుగా దిగాయి. గోడ పక్కన పేర్చితే సీలింగుకి జానెడు కిందదాకా వచ్చాయి.

మిషన్‌లో సీసాన్ని చూడ్డానికే ఒక దీపం ఉంటుంది. దీపమన్నాక ముసలిదవుతుంది. వెలుగు తగ్గేకొద్దీ అంకె ఊగడం ఎక్కువైంది. హద్దు ఇక ఐదు కాదు, ఇరవయ్యో, ముప్పయ్యో, ఇంకా పైనో. బ్లాంకమ్మకి ఇది తెలుసు. ఒకసారి వెళ్ళి లాబ్ అధికారితో చెప్పింది కూడా.

"హద్దు మళ్ళీ చూడాలి సార్. ఒక పూట పని."

"చూసి?"

"చూసి, ఫారం మీద మార్చాలి."

సారు తలెత్తి ఆ కట్టల కొండని చూశాడు. "ఫారాలు అయిపోనీ అమ్మా. కొత్తవి అచ్చేయించేటప్పుడు కొత్త హద్దు వేద్దాం."

కొండ తరగలేదు. ఈలోగా లాబ్‌లో ఒక అలవాటు పుట్టింది. ఎవరు మొదలెట్టారో తెలీదు, అందరూ పాటించారు. అంకె ఒక చోట నిలిస్తే అంకె వేసేవాళ్ళు. నిలవకుండా గంతులేస్తే "హద్దు లోపు" అని రాసేసేవాళ్ళు. బ్లాంకమ్మ మొదట గొణిగింది, తర్వాత విసుక్కుంది, ఆ తర్వాత తనూ రాసింది. పొద్దున్నే బ్లాంకు పెట్టడం మాత్రం మానలేదు.

మూడేళ్ళ కిందట ఆవిడ తోడికోడలు ఒక సీసా నిండా నీళ్ళు పట్టుకుని లాబ్‌కి వచ్చింది. వాళ్ళు కొత్తగా అద్దెకి దిగిన ఇంటి వెనక పాత బ్యాటరీలు పగలగొట్టి సీసం తీసే షెడ్డు ఉంది. ఇంటికి బోరు నీళ్ళే దిక్కు.

"అక్కా, మీ మిషన్‌కి కాస్త ఈ నీళ్ళు కూడా పట్టు. ఊళ్ళోవాళ్ళ నీళ్ళన్నీ తాగుతుంది, మావి తాగితే దానికి జ్వరమేం రాదుగా!"

బ్లాంకమ్మ పెట్టింది. అంకె ఇరవై అంది, నలభై ఐదు అంది, పదకొండు అంది, యాభై రెండు అంది. నిలవలేదు. ఆవిడ నోట్‌బుక్కులో ఆ అంకెలన్నీ ఎక్కించి, ఫారం మీద "హద్దు లోపు" అని రాసి సంతకం పెట్టింది.

తోడికోడలు కాయితాన్ని అటూ ఇటూ తిప్పి చూసింది. "ఈ హద్దులూ పొద్దులూ నాకెందుకుగానీ, ఉందా లేదా?"

సీసాలు ఇంకా పదిహేను మిగిలి ఉన్నాయి. భోజనం వేళ దాటిపోయింది.

"లేనట్టే" అంది బ్లాంకమ్మ.

తోడికోడలు ఆ కాయితానికి ప్లాస్టిక్ తొడుగు వేయించి వంటింటి గోడకి తగిలించింది. పక్కింటివాళ్ళు వచ్చి చదివారు. ఎదురింటివాళ్ళు వచ్చి చదివారు. నీళ్ళ డబ్బాలు కొనుక్కోవడం సందంతా మానేసింది.

వాళ్ళకి ఇద్దరు ఆడపిల్లలు. ఆ ఇంట్లో దిగేనాటికి పెద్దదానికి ఎనిమిదేళ్ళు, చిన్నదానికి మూడు. ఎక్కాలు వెనకనుంచి కూడా అప్పజెప్పే పెద్దది, పదో ఏడు వచ్చేసరికి ఏడో ఎక్కం దగ్గర బిక్కమొహం వేసేది. చెప్పింది మర్చిపోయేది. చీటికీమాటికీ చెల్లెల్ని రక్కేది. కడుపునొప్పని బడి ఎగ్గొట్టేది. వాళ్ళ నాన్న దాని వీపు మీద చేతిబలం చూపించి, చూపించి, చివరికి నిరుడు తీసుకెళ్ళి హాస్టల్లో పడేశాడు. "హాస్టలైతే దారిలో పడుతుంది" అని సలహా ఇచ్చింది బ్లాంకమ్మే.

ఇప్పుడు చిన్నది పాలిపోయింది. అన్నం ముందు కూర్చుని ఏడుస్తోంది. డాక్టరు రక్తం పరీక్ష చేయించి, ఒంట్లో సీసం చేరిందన్నాడు. ఎక్కణ్ణించి వస్తోందో వెతకమన్నాడు.

"నీళ్ళు మాత్రం కాదండీ, మా వదిన పరీక్ష చేసిన నీళ్ళు" అన్నాడట మరిది, ఛాతీ విరుచుకుని.

గోడల రంగు గీకించారు. రంగు పెన్సిళ్ళు పారేశారు. బొమ్మలు కాల్చేశారు. పాత గిన్నెలన్నీ మార్చేశారు. ఇంత చేసి, పిల్లకి నీరసంగా ఉందని గంటకోసారి గ్లాసుడు నీళ్ళు పట్టించారు.

ఆ నెలలోనే లాబ్‌లో ముసలి దీపం ఒక మధ్యాహ్నం ఆరిపోయింది. కొత్త దీపం వచ్చింది. బ్లాంకమ్మ బ్లాంకు పదిసార్లు పెట్టింది. అంకె సున్నా దగ్గర ముద్దుగా కూర్చుంది. అప్పుడు, ఎవరూ అడక్కుండానే, తోడికోడలింటికి వెళ్ళి ఒక సీసా పట్టుకొచ్చి పెట్టింది.

ముప్పై నాలుగు.

మళ్ళీ పెట్టింది. ముప్పై నాలుగు. మేకు దిగ్గొట్టినట్టు నిలబడింది.

బీరువాలోంచి మూడేళ్ళనాటి నోట్‌బుక్కు తీసింది. ఇరవై, నలభై ఐదు, పదకొండు, యాభై రెండు. నాలుగూ కూడి నాలుగుతో భాగించింది. ముప్పై రెండు. అంకె గంతులేసింది నిజమే గానీ, గంతులేసింది సున్నా చుట్టూ కాదు. ముప్పై చుట్టూ. ఆ రోజు కూడికా భాగహారమూ చెయ్యడానికి అరనిమిషం పట్టేది.

సారు రెండు కాయితాలూ పక్కపక్కన పెట్టుకుని చూశాడు. పాపం, చెడ్డవాడు కాదు. రిటైరవడానికి ఏడు నెలలుంది, అంతే.

"అప్పుడు హద్దు లోపు. ఇప్పుడు హద్దు పైన. రెండూ రికార్డు ప్రకారం సరైనవే. మధ్యలో నీళ్ళు మారి ఉంటాయి."

"నీళ్ళు మారలేదు సార్. దీపం మారింది."

"ఆ ముక్క నువ్వు చెబితే తప్ప ఎవరికి తెలుస్తుందమ్మా?"

ఆవిడ ఆ మాటని సంచిలో టిఫిన్ డబ్బాతోపాటు వేసుకుని, సాయంత్రం తోడికోడలింటికి వెళ్ళింది.

గోడలు గీకిన చోటల్లా తెల్లగా పెచ్చులూడి, ఇల్లు చర్మరోగం వచ్చినట్టుంది. చిన్నది చాప మీద పడుకుని ఉంది. దాని పక్కన గ్లాసు. బ్లాంకమ్మ వంగి ముందు ఆ గ్లాసు తీసుకుంది, సింకులో పారబోసింది.

"ఈ నీళ్ళు ఇక ఒక్క చుక్క కూడా వద్దు. వంటకి కూడా వద్దు. సీసం నీళ్ళల్లోనే ఉంది."

తోడికోడలు గోడకున్న కాయితం వైపు చూసింది. "మరి అప్పుడు..."

"అప్పుడు బాగానే ఉన్నాయి" అంది బ్లాంకమ్మ. "ఈమధ్యే చేరినట్టుంది."

అబద్ధం ఇంత సులువుగా బయటికొస్తుందని ఆవిడ అనుకోలేదు. నీళ్ళు నమలాల్సిన అవసరం కూడా రాలేదు.

తోడికోడలు ఆవిడ రెండు చేతులూ పట్టేసుకుంది. "నువ్వు లేకపోతే ఇంకెన్నాళ్ళు తాగేవాళ్ళమో అక్కా! ఊరంతా వెతికాం. ఈయనైతే నా గాజుల్ని కూడా అనుమానించారు."

"గాజులే కాదు, నీ వంటని కూడా అనుమానించాను" అన్నాడు మరిది. చాలా రోజులకి ఆ ఇంట్లో ఒక చిన్న నవ్వు వినబడింది. చాప మీంచి చిన్నది కూడా కళ్ళు తెరిచి చూసింది.

"ఒక రకంగా పెద్దది అదృష్టవంతురాలక్కా" అంది తోడికోడలు, కళ్ళు తుడుచుకుంటూ. "దాని రక్తం కూడా పరీక్ష చేయించమన్నాడు డాక్టరు. ఏడాదిగా అది ఇక్కడ లేనే లేదు కదా. ఈమధ్యే అంటున్నావు కాబట్టి దాన్నెందుకు ఊరికే సూదులతో పొడిపించడం?"

"దాని ఒంటికేం, గుండ్రాయి. ఉన్న లోటల్లా బుర్రకే" అన్నాడు మరిది.

బ్లాంకమ్మ కూర్చోలేదు, నిలబడే ఉంది. ఏడో ఎక్కం దగ్గర ఆగిపోయిన పిల్ల, పై పెదవి మీద చెమట, వీపు మీద పడబోయే దెబ్బ కోసం ముందే ముడుచుకున్న భుజాలు గుర్తొచ్చాయి. అప్పుడు తను ఈ గదిలోనే కూర్చుని కాఫీ తాగుతోంది. ఈ నీళ్ళతో పెట్టిన కాఫీయే.

"పెద్దదానికి చేయించు" అంది.

"ఎందుకక్కా? ఈమధ్యే..."

"ఈమధ్యే కాదు. నేనిప్పుడు చెప్పింది అబద్ధం. మీరు ఈ ఇంట్లో దిగిన రోజు నుంచీ ఉంది. పిల్లల్లో సీసం ముందు పట్టేది బుర్రనే."

తోడికోడలు చెయ్యెత్తి గోడకున్న కాయితం వైపు చూపించింది.

"అందులో హద్దు ఐదని ఉంది. అప్పటికి మా మిషన్‌కి ఐదు కాదు కదా, ముప్పై కూడా సరిగా ఆనేది కాదు. అంకె నిలవకపోతే హద్దు లోపు అని రాసేవాళ్ళం. నీ సీసాకీ అలాగే రాశాను. నువ్వు ఉందా లేదా అని అడిగావు. నాకు కనబడలేదు అనాల్సింది. లేనట్టే అన్నాను."

"నీకు తెలుసా అప్పుడు?"

"మిషన్ చూపు మందగించిందని తెలుసు. మీ నీళ్ళల్లో ఉందని తెలీదు."

"కావాలనుకుంటే తెలిసేదా?"

"తెలిసేది. ఒక పూట పని."

తోడికోడలు తిట్టలేదు. తిడితే బాగుండేది. ఆమె వేళ్ళ మీద ఏదో లెక్కపెట్టుకుంటోంది. ఎనిమిది, తొమ్మిది, పది. ఏ ఏడు ఏ టీచరు ఏమని కబురు పంపిందో, ఏ రాత్రి పిల్ల తినకుండా పడుకుందో, అవన్నీ కాబోలు. మరిది కుడిచేతిని తొడ కింద పెట్టుకుని, దాని మీద కూర్చున్నాడు. ఆ చెయ్యి బయటికి తియ్యలేదు.

"పెద్దది కావాలని చెయ్యలేదన్నమాట" అన్నాడు. ఎవరితోనో తెలీదు.

వెళ్ళబోతుంటే తోడికోడలు గుమ్మం దగ్గర అంది. ఈసారి అక్కా అని పిలవలేదు. "రేపు హాస్టల్‌కి నువ్వే వెళ్ళి తీసుకురా. నేను వెళ్తే ఏడుస్తాను. ఈయన వెళ్తే అది హడలిపోతుంది. దారిలో నువ్వే చెప్పు దానికి."

మర్నాడు లాబ్‌లో బ్లాంకు ఎవరు పెట్టారో, అసలు పెట్టారో లేదో బ్లాంకమ్మకి తెలీదు. ఆ వేళకి ఆవిడ హాస్టల్ వరండాలో బల్ల మీద కూర్చుని ఉంది. సంచిలో సారుకి రాసిన ఉత్తరం ఉంది. ఆ మూడేళ్ళలో ఎవరెవరికి "హద్దు లోపు" అని వెళ్ళిందో వాళ్ళందరికీ మళ్ళీ చెయ్యాలని అందులో రాసింది. సారు దాన్ని ఏ కట్ట కింద పెడతాడో ఆవిడకి తెలుసు. అందుకే నకలు ఇంకొకటి పై ఆఫీసుకి రాసింది.

పిల్ల వచ్చింది. పదకొండేళ్ళంటే ఎవరూ నమ్మరు, అంత పీలగా ఉంది. చెయ్యి చాస్తే అందనంత దూరంలో ఆగింది.

"నాన్న పంపారా పెద్దమ్మా?"

"నేనే వచ్చాను."

"ఈసారి లెక్కల్లో పాసయ్యాను. ముప్పై ఎనిమిది వచ్చాయి." గబగబా చెప్పేసింది, ఎవరో ఆపేస్తారన్నట్టు. "నాన్నకి నువ్వే చెప్పు. నేను చెబితే నమ్మరు. టీచరు సంతకం కూడా ఉంది, తెస్తాను."

గౌను చేతుల కింద, మోచేతి దాకా, పెన్నుతో రాసుకున్న ఎక్కాలు కనబడుతున్నాయి. చెమటకి కొన్ని అలుక్కుపోయాయి. పిల్ల అది గమనించి చేతులు వెనక్కి పెట్టుకుంది.

"కాపీ కోసం కాదు పెద్దమ్మా. పొద్దున లేచేసరికి మర్చిపోతున్నానని."

"నీ సంచి సర్దుకో. ఊళ్ళో డాక్టరు దగ్గరికి వెళ్దాం. రక్తం పరీక్ష."

"నాకేమైంది?"

ఏమీ లేదులే అన్న మాట బ్లాంకమ్మ నాలుక చివరిదాకా వచ్చింది. ఆవిడ దాన్ని అక్కడే ఆపేసింది. బల్ల మీద కాస్త జరిగి, పక్కన చోటు చేసింది. పిల్ల ఆలోచించుకుని, వచ్చి అంచు మీద కూర్చుంది.

"నీకు ఏడో ఎక్కం ఎందుకు రావడం మానేసిందో చెబుతాను" అంది బ్లాంకమ్మ. "నేను చెప్పేదంతా విను. అంతా విన్నాక నన్ను ఏమన్నా అనాలనిపిస్తే, అను."