నడిపించే మనిషికి పాత్ర ఉండదు

"నీకైతే అన్నీ యాదుంటయి కదా మాలతీ, నువ్వే నడిపించు" అని నూరైన్ అన్న మాట మాలతిని మూడు రోజులుగా వదలడం లేదు. ఇప్పుడు శుక్రవారం పొద్దున వంటింట్లో నిలబడి వెల్లుల్లి పొట్టు తీస్తూ, బియ్యం డబ్బాకు ఆనించిన పుస్తకంలో పేజీని మోచేత్తో తిప్పుతూ కూడా ఆ మాటే తలుచుకుంటోంది. పొగడ్తే, కాదనడానికి లేదు. కానీ ఈ పొగడ్తను పెళ్ళైన పదహారేళ్ళలో ఎంతమంది నోట విన్నదో, విన్న ప్రతిసారీ దాని వెనక ఏ పని వచ్చి నెత్తిన పడిందో కూడా ఆమెకు గుర్తే. అత్త భూమవ్వ ఊరి నుంచి ఫోన్ చేసి "మందుల పేర్లు నాకేం తెల్సు, మా కోడలికే ఎరుక" అని పక్కింటామెతో గొప్పగా చెబుతుంది. ఆ ఫోన్లోనే "దుబాయ్‌ల నీకేం పనుంటదే, అన్ని మిషన్లే చేస్తయి గదా" అని కూడా అంటుంది. దోహా అని తొమ్మిదేళ్ళుగా చెబుతూనే ఉంది మాలతి.

దోహాలోని ముషైరిబ్‌లో ఒక పళ్ళ క్లినిక్‌లో మాలతిది రిసెప్షన్ ఉద్యోగం. అపాయింట్‌మెంట్లు చూడటం వరకే ఆమె పని. డాక్టర్ల పుట్టినరోజులకు కేకు చెప్పడం, కాఫీ పొడి అయిపోకముందే తెప్పించడం, ఎవరి కప్పు ఏదో చూసుకోవడం ఎవరూ ఆమెకు అప్పగించలేదు, అవే వచ్చి చేరాయి. నూరైన్ అక్కడే నర్సు. కరీంనగర్ పిల్ల, నవ్వితే వెయిటింగ్ హాల్ దాకా వినబడుతుంది. రెండేళ్ళ కింద ఒక మధ్యాహ్నం మాలతి టేబుల్ కింద ఫోన్ పెట్టుకుని జపాన్ బొమ్మల సీరియల్ చూస్తుంటే నూరైన్ పట్టుకుంది. "అరే, నువ్వు గూడ అనిమేనా!" అని అరిచి, ఆ రోజు నుంచి స్నేహితురాలైపోయింది.

నిజానికి ఆ అలవాటు కూతురు హంసికది. పిల్ల చూస్తుంటే పక్కన బట్టలు మడతపెడుతూ మాలతి ఒక కన్ను వేసేది. తర్వాత పిల్ల పడుకున్నా తనే చూడటం మొదలుపెట్టింది. యుద్ధాలూ మంత్రాలూ బాగానే ఉంటాయి గానీ ఆమెను పట్టేసింది అవి కావు. ఆ కథల్లో ఒక అమ్మాయి రైలు కోసం ఎదురుచూస్తూ ఊరికే నిలబడుతుంది. గాలి వీస్తుంది, తీగల మీద పిట్ట వాలుతుంది, ఆ అమ్మాయి ఏమీ చెయ్యదు. "ఊకెనే నిలబడ్డవేంది" అని ఆమెను ఎవరూ అడగరు.

ఆట సంగతి తెచ్చింది నూరైన్ ఆడపడుచు మరీహా. ఇక్కడే కాలేజీలో చదువుతోంది. నలుగురూ బల్ల చుట్టూ కూర్చోవాలి, ఒక్కొక్కరు ఒక పాత్ర అవ్వాలి, ఆ పాత్ర ఏం చేస్తుందో నోటితో చెప్పాలి, అది జరిగిందో లేదో పాచికలు వేసి తేల్చుకోవాలి. అచ్చం అనిమే కథల్లాంటివే ఆడుకునేలా రాసిన పుస్తకాలు బోలెడు ఉన్నాయంది. మాలతికీ నూరైన్‌కీ సెలవు శుక్రవారం ఒక్కటే కాబట్టి, శుక్రవారం మూడింటి నుంచి ఆరింటి దాకా మన్సూరాలో నూరైన్ ఇంట్లో ఆడాలని తేల్చుకున్నారు. హంసికతో కలిపి నలుగురు. కథ నడిపించడానికి ఒకరు కావాలి. నడిపించేది మాలతి అని అందరూ ఒక్క గొంతుతో అన్నారు. ఏ ఆటో నువ్వే తేల్చు అని మరీహా దగ్గరున్న మూడు పుస్తకాలూ సంచిలో వేసి చేతికిచ్చారు.

ఇవాళే మొదటి ఆట. ఏ పుస్తకమో మాలతి ఇంకా తేల్చలేదు.

మొదటిది ఇటుకంత మందం. కత్తులు, రాజ్యాలు, ఎగిరే పడవలు. రెండోదాంట్లో మేడలంత మర మనుషులు, వాటిని నడిపే పిల్లలు, పేజీ నిండా లెక్కలు. మూడోది బడిపిల్లల నోట్‌బుక్ అంత ఉంటుంది. సముద్రం ఒడ్డున ఒక చిన్న ఊరు, అక్కడ చిన్నచిన్న శక్తులున్న ఆడవాళ్ళు. "ఇది పిల్లలది లెక్కుంది, ఊకెనే ఏసిన" అంది నూరైన్. మాలతి కూడా దాన్ని పక్కన పెట్టేసింది. తనలాంటి మనిషికి ఆ ఇటుకే సరి అనుకుంది. చెయ్యగలదు కూడా. ఆ మాట తనకు లోలోపల ఎంత నచ్చిందో తలుచుకుంటే ఆమెకే కొంచెం సిగ్గేసింది.

కానీ ఆ ఇటుకలో నడిపించే మనిషి బాధ్యతలని తొమ్మిది పేజీలున్నాయి. అందరికంటే ముందు వచ్చి బల్ల సర్దాలి. ఎవరికి ఎన్ని దెబ్బలు తగిలాయో, ఎవరి సంచిలో ఏముందో గుర్తుపెట్టుకోవాలి. ఎవరికీ విసుగు పుట్టకుండా చూడాలి. ఇద్దరు గొడవపడితే సర్దిచెప్పాలి. చివరన ఒక్క వాక్యం విడిగా ఉంది. నడిపించే మనిషికి సొంత పాత్ర ఉండదు. వెల్లుల్లి రెబ్బ చేతిలో పట్టుకుని మాలతి ఆ వాక్యం రెండుసార్లు చదివింది. తర్వాత రెబ్బను గిన్నెలో వేసి ఇంకోటి తీసింది.

నిన్న సాయంత్రం భర్త గజేందర్ ఆ పుస్తకాలను సోఫా మీద చూశాడు. లుసైల్‌లో కట్టడం సైటు మీద సూపర్‌వైజర్ అతను. ఇంటికొచ్చేసరికి చొక్కా మీద ఉప్పు గీతలుంటాయి. కష్టపడతాడు, దాంట్లో అబద్ధం లేదు.

"హంసికకు పరీక్షలు లెవ్వా? ఇవేంది?" అన్నాడు.

"నావి. రేపు నూరైన్ వాళ్ళింట్ల ఆట. మూడింటికి పోవాలె."

"నీయా?" అని నవ్వాడు. "ఆడుకో, ఎవలొద్దన్నరు? గని రేపు లస్మయ్య వాళ్ళు నలుగురొస్తున్నరు. మటన్ వాళ్ళే తెస్తరట. వండిపెట్టి పో. పాపం, లేబర్ క్యాంపుల ఉండేటోళ్ళు. ఇంటి తిండి తిని ఎన్ని దినాలాయెనో."

పాపమే. అందుకే తొమ్మిదేళ్ళలో మాలతి ఒక్కసారి కూడా రావొద్దనలేదు. వాళ్ళు తిని ఇల్లు గుర్తొచ్చి కళ్ళు తుడుచుకుంటే ఆమె ఇంకో గరిటె వడ్డించేది. వాళ్ళు పోయాక గిన్నెలు తోముతూ, ఆ ఇంటి తిండి తన చేతుల్లోంచే ఎందుకు రావాలో అడగాలనుకునేది. అడిగినా గజేందర్ జవాబు తెలిసిందే. "నాకు చాయ్ పెట్టుడు గూడ రాదాయె. వస్తే నేనే చేస్తుంటి గదా."

ఒంటిగంటన్నరకు లస్మయ్య ఒక్కడే ముందొచ్చాడు. బర్వా అల్ బరాహా క్యాంపు నుంచి ముందు బస్సు దొరికిందట. మిగతా ముగ్గురూ రెండున్నరకు వస్తారు. గజేందర్‌ది అతనిది ఒకటే ఊరు, వరసకు తమ్ముడు. హాల్లో గజేందర్ కునుకు తీస్తుంటే లేపడమెందుకని మటన్ సంచితో నేరుగా వంటింట్లోకి వచ్చి, చెప్పకముందే కుళాయి తిప్పి కడగడం మొదలుపెట్టాడు.

"కూసో తమ్మీ, నేను కడుగుత."

"ఏం కాదు వదినా. రేపు క్యాంపుల వంట వంతు నాదే. పన్నెండు మందికి నేనే కడగాలె, నేనే వండాలె. ఇది ఒక లెక్కనా?"

"వంతా?"

"గోడకు కాయితం అతికిచ్చి ఉంటది వదినా. దినానికి ఒకల పేరు. ఎవని వంతు వాడే చెయ్యాలె. జరమొస్తే పక్కోడు చేస్తడు, తెల్లారి వీడు తీరుస్తడు. వంతు కానోడు పొయ్యి దిక్కు రావద్దు, ఉప్పు తక్కువైందని అనవద్దు. మొదటి సంది అదే రూలు." ముక్కలను గిన్నెలోకి తీస్తూ నవ్వాడు. "రూలు పెట్టింది గజేందరన్ననే. మీరు రాకముందు, నేను కొత్తగ వచ్చినప్పుడు నాలుగేండ్లు ఒకటే రూముల ఉంటిమి. అన్న వంతొచ్చిందంటే క్యాంపంత పండుగ. ఏం మటన్ వండుతుండె వదినా! పక్క రూములోళ్ళు గూడ పల్లెం పట్టుకొని వచ్చేటోళ్ళు. మేం లేనప్పుడు ఇంట్ల గూడ అన్ననే వండుతడు గావచ్చు, మీ అదృష్టం అని అనుకుంటం మేం."

మాలతి కోసిన ఉల్లిగడ్డలను గిన్నెలోకి తోసింది. కత్తి పక్కన పెట్టి, చేతులు కడుక్కుని, తుడుచుకుంది. కోపం వచ్చింది. మామూలు కోపం కాదు. వండలేదని కాదు ఆ కోపం, రాదని నమ్మించినందుకు. ఆరేళ్ళ కింద గర్భసంచి ఆపరేషన్ అయ్యాక నాలుగో రోజు, ఒక చేత్తో కుట్లు పట్టుకుని ఇంకో చేత్తో పప్పు కలుపుతుంటే గజేందర్ ఈ గడపలోనే నిలబడ్డాడు. నిజంగా బాధపడుతున్న ముఖంతోనే "నాకొస్తే నేనే చేస్తుంటి గదా" అన్నాడు. ఆ బాధ చూసి మాలతే అతన్ని ఓదార్చింది. ఏం కాదు తియ్, నువ్వు పోయి కూర్చో అంది.

లస్మయ్య మిగతావాళ్ళ కోసం కిందికి బస్టాప్ దాకా పోయాడు. మాలతి బియ్యం డబ్బా దగ్గర కాసేపు నిలబడింది. తర్వాత ఇటుకంత పుస్తకాన్ని మూసి, సంచి అడుగు నుంచి చిన్న పుస్తకం తీసింది. పది నిమిషాల్లో సగం చదివేసింది. ఈ ఆటలో నడిపించే మనిషి ఒకరే ఉండరు. ఒక్కో అధ్యాయం ఒక్కొక్కరు నడపాలి. నడిపిన వాళ్ళు తర్వాతి అధ్యాయంలో పాత్రలోకి వచ్చేస్తారు. ఎవరి వంతు ముందో కాగితం మీద రాసి అందరికీ కనబడేలా పెట్టుకోవాలి. కత్తులు లేవు, రాజ్యాలు లేవు. పాపం, ఇంత బుద్ధిగల పుస్తకాన్ని పిల్లలదన్నారు.

రెండున్నరకు చీర మార్చుకుని, హంసికను లేపి, హాల్లోకి వచ్చింది. గజేందర్ అప్పుడే లేచి కళ్ళు నులుముకుంటున్నాడు.

"మటన్ కడిగి ఉన్నది. ఉల్లిగడ్డ కోసిన, ఎల్లిగడ్డ ఒలిసిన. కూర నువ్వు వండు."

"నేనా? నాకేమొస్తది?"

"నాకు మూడింటికి ఆట ఉన్నది" అని చెప్పులు వేసుకుంది.

"మాలతీ, ఆగు. వాళ్ళొస్తున్నరే! అరగంట లేటుగ పోతే ఏమైతది?"

అరగంట లేటుగా పోతే ఏమీ కాదు. తొమ్మిదేళ్ళూ ఏమీ కాలేదు. మాలతి తలుపు దగ్గరగా వేసి లిఫ్ట్ బటన్ నొక్కింది. లిఫ్ట్‌లో హంసిక ఆమె చెయ్యి పట్టుకుంది.

నూరైన్ ఇంట్లో బల్ల మీద చాయ్, ఉస్మానియా బిస్కెట్లు, రంగురంగుల పాచికలు. మాలతి కోసం గోడ వైపు పెద్ద కుర్చీ వేసి ఉంచారు.

"యల్లా, కానియ్! పెద్ద కుర్చీ మేడమ్‌ది" అంది నూరైన్. "ఏ ఆట?"

మాలతి చిన్న పుస్తకం బల్ల మీద పెట్టింది.

"అరే, గిదా? గిందుల నడిపించేటోళ్ళే లేరు కదా?"

"ఉన్నరు. నలుగురున్నరు." కాగితం తీసి పేర్లు రాసింది. మొదట మరీహా, తర్వాత నూరైన్, తర్వాత హంసిక, చివర తను. "పెద్ద కుర్చీల ఇయ్యాల మరీహా కూసుంటది."

"ఆంటీ, నాకు అన్నీ యాదుండవు" అంది మరీహా గాబరాగా.

"నాకు గూడ ఉండయి. రాసుకుంట ఉంట. నువ్వు గూడ రాసుకో."

నూరైన్ ఆమె ముఖంలోకి ఒకసారి చూసి చాయ్ పోసింది. నలుగురికీ తలా ఒక కాగితం వచ్చింది. పేరు, వయసు, ఉండే చోటు, శక్తి. హంసిక గాలిలో నడిచే పిల్ల అయింది. నూరైన్ చేపలతో మాట్లాడే ముసలమ్మ అయింది. మాలతి మాత్రం కలం పట్టుకుని చాలాసేపు కూర్చుంది. ఎవరూ తొందరపెట్టలేదు. చివరికి రాసింది. వయసు నలభై. ఉండే చోటు, రైల్వే స్టేషన్ దగ్గర గది, ఒక్కతే.

"శక్తి?" అడిగింది మరీహా.

"మర్చిపోవుడు."

"అదేం శక్తి మమ్మీ?" అంది హంసిక.

"ఉంటది. మీకు తెల్వదు."

మొదటి పాచిక వేయబోతుంటే ఫోన్ మోగింది. గజేందర్. వెనక గరిటె చప్పుడు, ఎవరివో నవ్వులు, నూనెలో ఉల్లిగడ్డ చిటపట. ముగ్గురూ మాలతి వైపే చూస్తున్నారు.

"మాలతీ, కూరల ఉప్పెంతెయ్యాలె?"

"నాకు యాదికి లేదు" అంది మాలతి. "లస్మయ్యనడుగు. క్యాంపుల పన్నెండు మందికి నువ్వెంత వేస్తుంటివో ఆయనకు యాదున్నది."

అటువైపు గరిటె చప్పుడు ఆగిపోయింది. మాలతి ఫోన్ పెట్టేసి పాచిక వేసింది.