పచ్చదీవిలో దీపం

ఫూసి మేనత్త ఒక వస్తువు అడిగిందంటే అది అడగడం కాదు, తీసుకెళ్తున్నానని చెప్పడం. నెయాఫు అనే ఆ దీవి ఊళ్లో ఏ మేనత్తకైనా ఆ హక్కుంది. తమ్ముడి ఇంట్లో పంది నచ్చితే పందిని తోలుకుపోతుంది, చాప నచ్చితే చుట్టుకుపోతుంది, కాదనే నోరు ఎవరికీ ఉండదు. ఫూసికి ఆ హక్కుతో పాటు గొంతు కూడా పెద్దదే.

శుక్రవారం పొద్దున ఆవిడ ఆ ఊరి మర్యాద ప్రకారం నడుముకి చాప చుట్టుకుని, చెమటలు కక్కుతూ లెసీలి వాళ్ల ఇంట్లోకి వచ్చింది.

"ఏమే లెసీలీ, ఆ టీవీ కింద ఆటల డబ్బా తీసి సంచిలో పెట్టు. రేపు సాయంత్రం చర్చి హాల్లో రగ్బీ ఆట పోటీ. మా సీనీ పేరిచ్చింది."

వెనకాలే వచ్చిన కూతురు సీనీ చూయింగ్ గమ్ నములుతూ నవ్వింది. "కొత్త రగ్బీ ఆట తిమింగలమంత ఉందక్కా. నీ డబ్బాలో చోటుందా? లేకపోతే చెప్పు, మొత్తం ఊడ్చేస్తా. ఒక్క నొక్కుడు, అంతే."

"వద్దు వద్దు, నేనే తీస్తాను," అంది లెసీలి, డబ్బా ముందుకి జరిగి.

ఆ డబ్బాలో ఏముందో సీనీకి తెలీదు, ఫూసికి తెలీదు, కన్నతల్లి కలొలైనేకి కూడా తెలీదు. లెసీలికి తెలుసు, ఆమె తమ్ముడు తనియేలాకి తెలుసు. ఆ ఇద్దరూ దాని గురించి ఒక్క ముక్క మాట్లాడుకున్నది లేదు. తనియేలాకి మీసం మొలిచిన దగ్గర్నుంచి అక్కాతమ్ముళ్లు ఒకే గదిలో కూర్చోవడం మానేశారు. అలిగి కాదు, మర్యాద కోసం. అక్కడ అందరూ అంతే. తమ్ముడు పెరట్లో విడిగా కట్టుకున్న పాకలో పడుకుంటాడు, అక్క ఆ పాక గుమ్మం తొక్కదు. ఏదన్నా చెప్పాలంటే మధ్యలో అమ్మ ఉండాలి. "అమ్మా, వాడికి చొక్కా ఉతికానని చెప్పు." "అమ్మా, ఆమెకి చేపలు తెచ్చానని చెప్పు." ఇద్దరి మధ్యా తిరగలేక అమ్మ సగం మాటలు దారిలోనే మరిచిపోయేది.

ఆ డబ్బాలో 'పచ్చదీవి' అని ఒక ఆట ఉంది. చిన్నప్పుడు పక్కపక్కన కూర్చుని మొదలుపెట్టారు. ఒక దీవి, ఒక ఇల్లు, కాస్త పొలం. పెద్దయ్యాక పక్కన కూర్చోవడం పోయింది కానీ ఆట పోలేదు. తనియేలా పొద్దున ఆడి లేచిపోతాడు. కొట్లో పని ముగించుకుని వచ్చి సాయంత్రం లెసీలి కూర్చుంటుంది. అదే పొలం, అదే ఇల్లు. ఆమె పెండలం నాటితే మర్నాటికి దానికి కంచె ఉంటుంది. ఆమె పెట్టె తెరిస్తే లోపల ఒక చేప ఉంటుంది. అందులో ఇంటి కప్పు కారుతుంటే ఆమె రాత్రికి రాత్రి కొత్త కప్పు వేయించేది. అలా ఏళ్ల తరబడి కబుర్లన్నీ అందులోనే చెప్పుకున్నారు.

తనియేలా చేపల బోటు ఎక్కడం మొదలయ్యాక అందులో ఒక దీపం కూడా వచ్చింది. వేటకి వెళ్లే రోజు పొద్దున పచ్చదీవి ఇంటి ముందు దీపం వెలిగించి వెళ్తాడు. తిరిగొచ్చాక స్నానం కూడా చేయకుండా ముందు దాన్ని ఆర్పుతాడు. ఎందుకని ఆమె అడగలేదు, అడిగే దారీ లేదు. కానీ వాళ్ల నాన్నని సముద్రమే తీసుకుంది. అది తెలిసిన ఏ ఆడపిల్లకైనా ఆ దీపం సంగతి ఒకరు చెప్పక్కర్లేదు.

ఇప్పుడా దీపం వెలుగుతూ ఉంది. తనియేలా సోమవారం వెళ్లాడు, గురువారానికి రావాలి. శుక్రవారం వచ్చింది, వాడు రాలేదు.

"ఒక రోజు అటూ ఇటూ మామూలేగా," అంది కలొలైనే చేమాకులు కడుగుతూ. కడిగిన ఆకులనే మళ్లీ కడుగుతోంది.

లెసీలి డబ్బా ముందు కూర్చుని ఆటలు ఒక్కొక్కటే తీసేసింది. కార్ల ఆట, తుపాకుల ఆట, చేపలు పట్టే ఆట. ఇన్ని తీసినా తిమింగలానికి చోటు చాల్లేదు. పచ్చదీవి ఒక్కటే మిగిలింది.

"ఇంకెంతసేపే? ఎండ ముదురుతోంది," అంది మేనత్త నెత్తి మీద నిలబడి.

పచ్చదీవి మీద నొక్కితే తెర మీద రెండు వరుసలు వచ్చాయి. ఆట మాత్రం తీసేయమంటారా, దాచుకున్నవి కూడా తీసేయమంటారా. ఆట పోయినా పొలం డబ్బాలోనే ఒక మూల భద్రంగా ఉంటుందని, మళ్లీ ఆట దించుకుంటే ఎక్కడ ఆపారో అక్కడి నుంచే మొదలవుతుందని లెసీలికి తెలుసు. మొదటిదే నొక్కాలి. వేలు కదిలే లోపల ఫూసి "అబ్బ, కానీవే!" అని భుజం మీద చరిచింది. వేలు పడింది. వరుసలు రెండూ మాయమయ్యాయి. డబ్బా సంచిలోకి, సంచి సీనీ భుజం మీదికి పోయాయి.

వాళ్లు రోడ్డెక్కాక లెసీలికి అనుమానం మొదలైంది. వేలు పడింది మొదటి దాని మీదా, రెండో దాని మీదా?

దానికి నకలు ఎక్కడా లేదు. ఆ డబ్బా దాచుకున్నవన్నీ తనంతట తానే నెట్‌లోకి పంపి భద్రం చేస్తుందట, అందరూ అదే చెప్తారు. కానీ నెయాఫులో డేటా కొనుక్కుని వాడే ఏ ఇంట్లో అయినా మొట్టమొదట ఆపేసేది దాన్నే. లెసీలి కూడా ఆపేసింది, ఆపేసి పెద్ద తెలివైనదాన్నని మురిసిపోయింది కూడా. ఇప్పుడు ఆ తెలివే మెడకి చుట్టుకుంది.

సాయంత్రానికి గాలి తిరిగింది. రేవులో తాళ్లు కిర్రుమంటున్నాయి, కొబ్బరాకులు ఒకే దిక్కుకి దువ్వినట్టు ఒరిగిపోయాయి. బోటు రేడియో పలకడం లేదని జెట్టీ దగ్గర్నుంచి కబురొచ్చింది. కలొలైనే బైబిలు ఒళ్లో పెట్టుకుని కూర్చుంది, పేజీ తిప్పడం లేదు.

లెసీలికి భయం వేసింది. చదువుకున్న పిల్లే, కొట్లో లెక్కలన్నీ ఆమెవే. డబ్బాలో దీపానికీ సముద్రంలో బోటుకీ ఏ సంబంధమూ లేదని ఆమెకి తెలుసు. తెలిసి ఏం లాభం? కళ్లు మూస్తే చాలు, తమ్ముడు తన కోసం వెలిగించి వెళ్లిన దీపాన్ని తన వేలే ఆర్పేసిందని అనిపిస్తోంది. వాడు చీకట్లో దారి వెతుక్కుంటున్నట్టు కనిపిస్తోంది. నాన్న పోయిన రోజు కూడా గాలి ఇలాగే తిరిగిందని గుర్తొచ్చింది.

శనివారం మధ్యాహ్నానికి కూడా కబురు లేదు. గాలి తగ్గితేగానీ వెతకడానికి బోటు వెళ్లదన్నారు. లెసీలి ఇక ఇంట్లో ఉండలేకపోయింది.

ఫూసి ఇంటి గుమ్మంలో చెప్పులు విడిచి, తల వంచుకుని చాప అంచున కూర్చుంది. లోపల సీనీ టీవీకి అతుక్కుపోయి రగ్బీ ఆడుతోంది.

"బోటు సంగతి తెలిసిందా?" అంది ఫూసి.

"లేదత్తా."

"మరి మీ అమ్మనొక్కదాన్నే వదిలేసి ఇక్కడికెందుకొచ్చావే?"

మేనత్తకిచ్చింది మేనకోడలు తిరిగి అడగడం ఆ ఊళ్లో ఎవరూ విని ఎరగరు. అయినా లెసీలి అడిగింది. "ఆ డబ్బా ఒక్కసారి కావాలత్తా. నేను తీసేసిన ఆట మళ్లీ దించి చూడాలి."

"ఇప్పుడా?" సీనీ చివాల్న తిరిగింది. "సాయంత్రం పోటీ పెట్టుకుని? రెండూ పట్టవక్కా. ఇది తీసేస్తే మళ్లీ దించుకునేసరికి రేపవుతుంది. రేపు ఆదివారం, ఆదివారం టీవీ పెడితే అమ్మ నన్ను చర్చి గంటకి వేలాడదీస్తుంది."

ఫూసి కళ్లు ఎర్రబడ్డాయి. "తమ్ముడు సముద్రం మీద ఏమయ్యాడో తెలీదు, నీకు ఆటలు కావాల్సొచ్చాయా? సిగ్గుందా నీకు? మీ నాన్న ఉంటే ఏమనేవాడు?"

అప్పుడు లెసీలి ఏడ్చేసింది. "వాడు అందులో దీపం వెలిగించి వెళ్లాడత్తా. ఎప్పుడు వేటకెళ్లినా వెలిగిస్తాడు, వచ్చాక ఆర్పుతాడు. నేను ఆట తీసేశాను. దీపం ఉందో పోయిందో తెలీదు. నిన్నట్నుంచీ అన్నం దిగట్లేదు."

"నీకోసమా ఆ దీపం?"

"ఏమో. వాడెప్పుడూ చెప్పలేదు. మేం మాట్లాడుకోం కదా."

ఫూసి గడ్డంతో వంటింటి వైపు చూపించింది. తలుపు పక్కన తుప్పు పట్టిన కొక్కెం ఒకటి ఉంది.

"మీ నాన్న పెద్దవాడయ్యాక నాతో మొహం చూసి మాట్లాడిందే లేదు. వేటకెళ్లొచ్చిన ప్రతిసారీ ఆ కొక్కేనికి ఒక చేప తగిలించి పోయేవాడు. చేప ఉంటే తమ్ముడు ఒడ్డుకొచ్చాడని నాకు లెక్క. ఆఖరిసారి తెల్లారేదాకా దాన్నే చూస్తూ కూర్చున్నాను." ఆవిడ లేచి ఆ కొక్కేన్ని ఒకసారి తడిమింది. "ఇంటికి రెండుసార్లు రంగులేశాం. దాన్ని మాత్రం పీకనివ్వలేదు. ఒసే సీనీ, ఆ రగ్బీ పీకెయ్."

"అమ్మా, పోటీ!"

"పోటీ లేదు గీటీ లేదు. చెప్పింది చెయ్."

సీనీ మూతి ముడుచుకుని రగ్బీ తీసేసింది. ఫూసి తన ఫోన్లో డేటా అంతా ఇచ్చింది. పచ్చదీవి దిగడం మొదలైంది. తెర మీద నీలం గీత నత్తలా పాకుతోంది. మధ్యలో ఒకసారి గాలికి నెట్ పోయి గీత ఆగిపోతే ముగ్గురూ ఊపిరి బిగబట్టారు. మళ్లీ కదిలాక ఫూసి "దేవుడా," అని చాప మీద కూలబడింది.

ఆట తెరుచుకుంది. తెర మీద ఒక్కటే మాట ఉంది. 'కొత్త ఆట.'

పొలం లేదు, ఇల్లు లేదు. రెండో దాని మీదే వేలు పడిందన్నమాట. "పోయింది," అంది లెసీలి.

"ఉండక్కా, ఉండు," అంది సీనీ. మూతి ముడవడం మరిచిపోయింది. "నిన్న నేను నా పేరు పెట్టుకుని లోపలికెళ్లాను. ఇది నా పేరు మీద తెరుచుకుంది. నా పొలం నాకెక్కడుంది, నేనెప్పుడూ ఆడందే! మీరు ఏ పేరు మీద ఆడేవాళ్లు?"

"ఇల్లు అని. నాన్న పెట్టాడు."

సీనీ బయటికొచ్చి 'ఇల్లు' మీద నొక్కింది. తెర నల్లబడింది. ఫూసి మేనకోడలి చెయ్యి గట్టిగా పట్టుకుంది, గోళ్లు దిగేలా.

పచ్చదీవి వచ్చింది. కంచె వేసిన పెండలం పాదులు, లెసీలి వేయించిన కప్పు, రేవులో చిన్న పడవ. ఇంటి ముందు దీపం వెలుగుతోంది.

లెసీలి నవ్వబోయింది, నవ్వు రాలేదు. దీపం ఉందంటే వాడు ఇంకా రాలేదనేగా. ఇంతసేపూ పోయిందని భయపడింది. ఇప్పుడు ఎదురుగా చూస్తుంటే ఇంకా ఎక్కువ భయం వేస్తోంది. ఇది ఇలాగే, ఎవరూ ఆర్పకుండా, ఎప్పటికీ వెలుగుతూ ఉండిపోతే?

"ఆర్పడం ఇదే కదా?" సీనీ వేలు మీట మీదికి పోయింది. "ఆర్పేస్తే వచ్చేస్తాడేమో..."

"ముట్టుకోకు!"

మేనత్త ఇంట్లో లెసీలి గొంతెత్తి అరవడం అదే మొదలు. సీనీ చెయ్యి వెనక్కి లాక్కుంది. ఫూసి కూతుర్నే కసిరింది. "అది వాడి పనే. వాడొచ్చి ఆర్పాలి."

ముగ్గురూ అలాగే కూర్చున్నారు. పోటీ కుర్రాళ్లు వచ్చి పిలిస్తే ఫూసి వచ్చే శనివారం రమ్మని గుమ్మంలోంచే పంపేసింది. పొద్దు వాలుతుండగా ఆవిడ ఫోను మోగింది. తీయడానికి ముగ్గురికీ ధైర్యం చాల్లేదు. చివరికి ఫూసే తీసింది. వింది. "ఎంతమంది?" అంది. ఆ ఒక్క మాటకి లెసీలి గోడకి జారబడింది.

"అందరూ ఉన్నారే," అంది ఫూసి ఫోను దించి. "ఇంజను చచ్చి కొట్టుకుపోయారట. దక్షిణాన మనుషుల్లేని లంక చాటున లంగరేశారట. సరుకుల ఓడ చూసింది. రేపు ఆదివారం ఏదీ కదలదు, ఎల్లుండి తాడేసి లాక్కొస్తారు." అని, మేనకోడల్ని ఒళ్లోకి లాక్కుని తిట్టడం మొదలుపెట్టింది. "చచ్చినదానా, ఆ డబ్బా నువ్వే పట్టుకుపో. నా ఇంట్లో పెట్టకు, నా గుండె ఆగిపోతుంది."

సోమవారం మధ్యాహ్నం వీధిలో ట్రక్కు ఆగిన చప్పుడైంది. లెసీలి టీవీ కింద డబ్బా సరిచూసి, తీగలు తడిమి, వంటింట్లోకి వెళ్లి తలుపు దగ్గరగా వేసింది. ముందు గదిలో అమ్మ ఏడుపు, వాడి గొంతు వినిపించాయి. ఆ గొంతు ఉప్పుకి గరుకెక్కింది. పరిగెత్తుకెళ్లి వాణ్ణి పట్టుకోవాలని ఉంది. వెళ్లకూడదు. చేమాకుల్లో మాంసం, కొబ్బరిపాలు చుట్టి ఉడికించిన పొట్లాలు విప్పుతూ నిలబడింది.

"స్నానం చెయ్‌రా, కంపు కొడుతున్నావు," అంటోంది అమ్మ. టీవీ పెట్టిన చప్పుడు. పచ్చదీవి పాట. తర్వాత ఉఫ్ మని చిన్న శబ్దం.

లెసీలి పొట్లం పట్టుకుని అలాగే ఉండిపోయింది. కళ్లనీళ్లు కారి కొబ్బరిపాలల్లో పడుతున్నాయి.

కలొలైనే విసుక్కుంటూ వంటింట్లోకి వచ్చింది. "వీడికేం తిక్కే? చావు తప్పించుకుని వచ్చి, మంచినీళ్లు కూడా తాగకుండా ఆ డబ్బా ముందు కూర్చున్నాడు. ఏం చేశాడో ఏమో, టక్కున పెట్టి టక్కున కట్టేశాడు."

"దీపం ఆర్పాడమ్మా."

"పట్టపగలు దీపమేంటే?"

"నీకు తెలీదులే," అంది లెసీలి. పళ్లెంలో అన్నిటికన్నా పెద్ద పొట్లం పెట్టి అమ్మ చేతికిచ్చింది. "ఇది వాడిదని చెప్పు. దారిలో మరిచిపోకు."